తాబేలుని ఏ పక్క వదలాలి?

వినాయక చవితికి ఊరికెళ్ళినప్పటి సంగతి. రాత్రి జల్లు పడి పొద్దున చల్లగా ఉంది, మా మామ గొర్రెలు తోలుకుపోతుంటే నేనూ ఎనకాల పడ్డా. హైదరాబాద్‌లో రోజుకి పదివేల అడుగులు వెయ్యమని ఫోను పోరు పెడుతుంటుంది, ఊళ్ళో అయితే టిఫిన్ టైముకే అయిపోతాయి. కాలవ గట్టెక్కి నడుస్తుంటే మామ ఆగిపోయి కర్రతో కిందికి చూపించాడు. కాలవకి ఇంకా నీళ్ళు వదల్లేదు, అడుగున పాచి పట్టిన మడుగొకటి, పక్కన నక్షత్ర తాబేలు. అరచెయ్యి కన్నా కాస్త పెద్దది. సిమెంటు వాలు ఎక్కాలని చూస్తోంది. ముందుకాళ్ళు రెండూ వాలు మీద వేసి జానెడో మూరెడో పాకడం, జర్రున జారి మళ్ళీ అడుక్కి రావడం, కాసేపు తల లోపలికి లాక్కోవడం, మళ్ళీ మొదలు. వాలుకి పట్టిన సన్నటి బురద మీద దాని గోళ్ళ గీతలు కనపడుతున్నాయి, ఒక్కచోట కాదు, ఇరవై గజాల పొడుగునా. రాత్రి వాన పడగానే బయల్దేరి ఉంటుంది, అప్పట్నుంచీ ఇదే పని.

మామ తువ్వాలు నడుముకి చుట్టుకుని, వాలు మీద కూర్చుని జారుతూ దిగి పట్టుకొచ్చాడు. పైకొచ్చాక అడిగాడు, "ఏ పక్క వదలాల రా?"

కొండ పక్క అన్నా, ఇందులో ఆలోచించేదేముంది అన్నట్టు.

"కొండ పక్క నుంచే ఇట్టా వస్తా పడిందేమో. మళ్ళా ఆడే ఇడిస్తే మళ్ళా వచ్చి పడ్తాది."

సరే అయితే ఊరి పక్క వదులుదాం.

"ఊరి పక్క కుక్కలుండాయి. చేలల్లో మందు కొడ్తాండారు."

ఇద్దరం తాబేలు పట్టుకుని గట్టు మీద నిలబడిపోయాం. ఈలోపు గొర్రెలు పక్కోళ్ళ శనక్కాయ చేలో పడ్డాయి, ఆ చేనాయన దూరం నుంచే తిట్లందుకున్నాడు, ఇంక ఆలోచించే టైము లేక కొండ పక్క పొదల్లో వదిలేసి పరిగెత్తాం. అది సరైన పక్కో కాదో నాకు ఇప్పటికీ తెలీదు.

కాలవ రాకముందు అసలు ఈ ప్రశ్నే లేదు కదా, అని ఆ రోజంతా బుర్రలో తిరుగుతూనే ఉంది. అప్పుడు పక్కలు లేవు. ఊరు అయిపోతే చేలు, చేలు అయిపోతే పొదలు, పొదల్లోంచి అట్లా అట్లా కొండ. మాది కడప జిల్లాలో లంకమల కింద ఊరు. మ్యాపులో చూస్తే నల్లమల దక్షిణానికి దిగుతూ దిగుతూ వచ్చి లంకమల అవుతుంది, పెన్నా దాటితే పాలకొండలు, శేషాచలం, తూర్పున వెలికొండలు. ఎర్రచందనం ప్రపంచం మొత్తంలో తనంతట తాను పెరిగేది ఈ చుట్టుపక్కల కొండల్లోనే. పేర్లు వేరే గానీ ఒకప్పుడు అంతా ఒకటే అడవి, శ్రీశైలం దగ్గర బయల్దేరిన జంతువు తిరుపతి దాకా నడిచిపోవాలనుకుంటే మధ్యలో పెన్నా తప్ప అడ్డం లేదు, పెన్నా సంగతి తెలిసిందే, ఏడాదిలో చాలా నెలలు ఇసకే.

ఇప్పుడు ఎవర్నడిగినా "అడవి యాడికి పోయింది, అట్టే ఉండాది కదా" అంటారు. నిజమే, చూస్తే అట్టే ఉంది. ఎకరాల లెక్క తీస్తే పెద్దగా పోయినట్టు కనపడదు. నా గొడవంతా ఆ లెక్కతోనే.

మా ఇళ్ళల్లో భాగపంపకాలు చూసినోళ్ళకి ఇది చెప్పక్కర్లేదు. ఎనిమిదెకరాల చేను నలుగురు అన్నదమ్ములు పంచుకుంటే పాసుబుక్కుల్లో కూడితే ఎనిమిదెకరాలే వస్తుంది. కానీ గట్లకి కొంత పోయింది, బాటకి కొంత పోయింది, బోరేమో ఒకడి భాగంలో పడింది, చింతచెట్టు ఇంకొకడి భాగంలో, మూడోవాడి చేలోకి ట్రాక్టర్ పోవాలంటే రెండోవాడి కాళ్ళు పట్టుకోవాలి. నాలుగోవాడు ఐదేళ్ళకి అమ్ముకుని కడపలో ఆటో కొనుక్కున్నాడు. భూమి ఎక్కడికీ పోలేదు, సేద్యం పోయింది. అడవికి జరుగుతున్నది ఇదే, కాకపోతే అక్కడ నీటిగుంట ఒక ముక్కలో పడితే మిగతా ముక్కల్లోని జంతువులు ఎవరి కాళ్ళూ పట్టుకోలేవు.

లెక్కే కావాలంటే లెక్కే చెప్తా. పది కిలోమీటర్ల పొడుగు, పది కిలోమీటర్ల వెడల్పు అడవి అనుకోండి, మొత్తం 100 చదరపు కిలోమీటర్లు. అంచు నుంచి ఒక కిలోమీటరు లోపలి దాకా బయటి ప్రభావం ఉంటుంది అనుకుందాం, ఎండ, గాలి, కుక్కలు, కట్టెలకెళ్ళే మనుషులు, చప్పుడు, వెలుతురు. అప్పుడు నిజంగా లోపలి అడవి అనదగ్గది 8 ఇంటు 8, అంటే 64. ఇప్పుడు సరిగ్గా మధ్యలోంచి 50 మీటర్ల వెడల్పు రోడ్డు వేద్దాం. రోడ్డు తిన్నది ఎంత? అర చదరపు కిలోమీటరు. పర్మిషన్ కాగితాల్లో కనపడేది ఈ అర మాత్రమే, దానికి బదులు ఇంకెక్కడో మొక్కలు నాటేస్తాం అంటారు. కానీ రోడ్డుకి రెండు పక్కలా కొత్త అంచులొచ్చాయి కదా, ఒక్కో సగంలో లోపలి అడవి 8 ఇంటు 3, సుమారుగా 24, రెండూ కలిపితే 48. అరకి పర్మిషన్ తీసుకుని పదహారు మింగేశాం. ఆ పదహారు ఏ ఫైల్లోనూ ఉండదు.

ఇది నేను కాగితం మీద గీసుకున్న బొమ్మ, నిజం అడవులు ఇంత చతురస్రంగా ఉండవు, వంకరటింకరగా ఉంటే అంచు ఇంకా ఎక్కువవుతుంది. ప్రపంచంలో మిగిలిన అడవుల్లో 70 శాతం, ఏదో ఒక అంచుకి కిలోమీటరు లోపలే ఉన్నాయని 2015లో ఒక పెద్ద స్టడీ తేల్చింది. అయిదు ఖండాల్లో, 35 ఏళ్ళ పాటు నడిచిన ప్రయోగాలన్నీ కలిపి చూస్తే ముక్కలవ్వడం వల్ల జీవవైవిధ్యం 13 నుంచి 75 శాతం దాకా పడిపోతోందని కూడా అందులోనే ఉంది. ముక్క ఎంత చిన్నదైతే, ఎంత పాతబడితే దెబ్బ అంత ఎక్కువట. పాతబడితే అనే మాట గుర్తుపెట్టుకోండి.

ఎందుకంటే ముక్కలు చేసిన మర్నాడు ఏం జరగదు. అందుకే మనకి ధైర్యం. కాలవ తవ్విన మరుసటి ఏడు కూడా అటు పక్క కుందేళ్ళుంటాయి, ఏదుపందులుంటాయి, "చూశావా ఏమైంది, నువ్వూ నీ భయమూ" అంటారు. థాయిలాండ్‌లో 1986-87 ప్రాంతంలో ఒక డ్యామ్ కట్టారు, చియూ లార్న్ అని, నీళ్ళు నిండాక కొండల శిఖరాలన్నీ చిన్న చిన్న దీవులైపోయాయి, పైన అడవి అట్లాగే పచ్చగా ఉంది. ఐదారేళ్ళకి వెళ్ళి చూస్తే ఎలకలూ ఉడతల్లాంటి చిన్న జంతువులు కొన్ని తగ్గాయి, పాతికేళ్ళకి వెళ్ళి చూస్తే ఆ దీవుల్లో అక్కడి జాతులు దాదాపు ఏమీ లేవు, బయట నుంచొచ్చిన ఒక రకం ఎలకదే రాజ్యం. పైన అడవి మాత్రం కనపడుతూనే ఉంది. శాస్త్రవేత్తలు దీనికి అప్పు అనే పేరు పెట్టారు, ఎక్స్‌టింక్షన్ డెట్ అని, అంటే తర్వాతెప్పుడో అంతరించిపోవడంతో తీరే అప్పు. మా రాయలసీమోళ్ళకి విడమర్చి చెప్పాలా, అప్పు తెచ్చిన రోజు ఇంట్లో పండగే ఉంటుంది.

ఇంకో రకం దెబ్బ కంటికి అందంగా కూడా కనపడుతుంది. ఒడిశా సిమిలిపాల్‌లో నల్లపులులు ఉన్నాయి చూశారా, చారలు వెడల్పై ఒకదాంట్లో ఒకటి కలిసిపోయి ఒళ్ళంతా నల్లగా, వాట్సాప్‌లో తెగ తిరిగాయి ఆ ఫొటోలు. అక్కడి పులుల్లో మూడో వంతుకి పైగా అట్లాంటివే. ఒక జన్యువులో చిన్న మార్పు, మామూలుగా అయితే ఎప్పుడో అరుదుగా కనపడాల్సింది. సిమిలిపాల్ పులులకి బయటి అడవులతో రాకపోకలు తెగిపోయి అవే వాటిలో అవే కలుస్తుండడం వల్ల ఇంతగా పెరిగిందని 2021లో బెంగళూరు పరిశోధకులు తేల్చారు. మనం వాహ్ అని షేర్ చేసింది మేనరికాలు ముదిరిన ఇంటి ఫొటో.

పులులన్నా దూకుతాయి, ఈదుతాయి, రాత్రిపూట రోడ్డు దాటే సాహసం చేస్తాయి. దేవాంగపిల్లి సంగతేంటి? మా వైపు కొండల్లో ఉంటుంది, గుప్పెడంత ఒళ్ళు, గుడ్లు రెండూ మొహం నిండా. దాని బతుకు కొమ్మ నుంచి కొమ్మకే, దూకను కూడా దూకదు, ఒక్కో చెయ్యీ తీసి మెల్లగా తర్వాతి కొమ్మ పట్టుకుంటుంది. దానికి ముప్పై అడుగుల తారురోడ్డు అంటే మనకి సముద్రమే. పులికి కారిడార్, అంటే ఒక అడవి నుంచి ఇంకో అడవికి పోయే దారి గురించి టీవీలో చర్చలుంటాయి, దేవాంగపిల్లికి కావాల్సింది రోడ్డు మీద రెండు చెట్ల కొమ్మలు కలవడం, అంతే, ఆ కొమ్మలే కరెంటు వైర్లకి తగులుతున్నాయని ముందు కొట్టేస్తారు.

అసలు కథకి వస్తాను. కలివికోడి అనే పిట్ట.

మా జిల్లా వాళ్ళకి ఈ పేరు తెలుసు, చూసినవాళ్ళు మాత్రం వేళ్ళ మీద లెక్కే. కలివి పొదల మధ్య తిరుగుతుంది కాబట్టి ఆ పేరు. పగలు ఎక్కడ నక్కుతుందో తెలీదు, రాత్రి బయటికొచ్చి నేల మీద పరిగెత్తుతూ పురుగులు తింటుంది, రొమ్ము మీద రెండు గోధుమ రంగు పట్టీలు. 1848 ప్రాంతంలో జెర్డాన్ అనే మిలిటరీ డాక్టర్ ద్వారా దీని సంగతి మొదట శాస్త్రవేత్తలకి తెలిసింది. ఆ తర్వాత పెన్నా, గోదావరి లోయల్లో అక్కడక్కడా కనిపించి, 1900లో అనంతపురం దగ్గర ఆఖరిసారి కనిపించి, మాయమైపోయింది. ఎనభై ఐదేళ్ళు. పుస్తకాల్లో అంతరించినట్టే రాసుకున్నారు. 1986 జనవరిలో రెడ్డిపల్లి దగ్గర ఐతన్న అనే స్థానికుడు రాత్రిపూట టార్చి వెలుగులో దాన్ని పట్టుకున్నాడు, ఆ పక్షి ఎక్కువ రోజులు బతకలేదు గానీ పక్షి శాస్త్రవేత్త సాలిం అలీ అంతటాయన పరుగున వచ్చాడు, 1988లో లంకమల్లేశ్వర అభయారణ్యం వచ్చింది, అదే ఏడు పోస్టల్ స్టాంపు కూడా. 464 చదరపు కిలోమీటర్ల అభయారణ్యం ఒక పిట్ట పేరు చెప్పి.

ఇక్కడ నాకు నచ్చే వివరం ఒకటుంది. ఈ పిట్టని చూడ్డం కష్టం కాబట్టి 2000 ప్రాంతంలో పరిశోధకులు ఏం చేశారంటే పొదల మధ్య సన్నటి మట్టి పరిచి పట్టీలు తయారుచేశారు, రాత్రి పిట్ట నడిస్తే పొద్దున కాలి గుర్తులుంటాయి. గడప ముందు పిండి చల్లి అడుగులు చూసుకున్నట్టు. అట్లా గుర్తులన్నీ లెక్కపెట్టి తేల్చిందేంటంటే, దీనికి దట్టమైన అడవి పనికిరాదు, పూర్తి మైదానమూ పనికిరాదు. హెక్టారుకి 300 నుంచి 700 దాకా పెద్ద పొదలుండాలి, మధ్యలో ఖాళీ నేల ఉండాలి. పొదలు తగ్గితే రాదు, మూసుకుపోయినా రాదు. అంటే ఎట్లాంటి చోటు అది? సరిగ్గా మా మామ గొర్రెలు మేపే చోటు. మేకలు కొరికి, గొర్రెలు తిరిగి, ఆడవాళ్ళు కట్టెలు కొట్టుకొచ్చి, అతిగా కాకుండా ఆ మాత్రం వాడితేనే ఆ పొదలు ఆ పొదల్లా ఉంటాయి.

అట్లాంటి నేలని మన కాగితాలు ఏమంటాయో తెలుసా, వేస్ట్‌ల్యాండ్. దేశం మొత్తానికీ వేస్ట్‌ల్యాండ్ అట్లాస్ అని ఒకటుంది, అందులో పొదల నేలకి ప్రత్యేకంగా వర్గాలే ఉన్నాయి. ఇటుపక్క ఫారెస్ట్ సర్వే లెక్క చూడండి. ఒక హెక్టారు మించిన ఏ నేలైనా సరే, ఎవరి సొంతమైనా సరే, చెట్ల నీడ పది శాతం దాటితే ఫారెస్ట్ కవర్ కింద రాస్తారు, తోటలు కూడా అందులోకే. మామిడి తోట అడవి. కలివికోడి ఉన్న పొదల్లో నీడ పది శాతం దాటకపోతే అది అడవి లెక్కలోకి రాదు, స్క్రబ్ అని విడిగా పక్కన పెడతారు. ఇప్పుడు ఒకాయన ఆ పొదలు చదును చేసి తోట పెట్టాడనుకోండి, కలివికోడికి ఇల్లు పోయింది, రాష్ట్రంలో అడవి మాత్రం పెరిగింది. ఎకరాల లెక్క మోసం అని నేను ఊరికే అనట్లేదు.

ఆ "ఒకాయన" మా నాన్న కూడా. తొంభైల్లో మా వైపు అందరూ పొదలు కొట్టి నిమ్మతోటలు పెడుతుంటే మా నాన్నా మూడెకరాలు చదును చేయించాడు. నా ఇంజినీరింగ్ ఫీజు ఆ నిమ్మకాయల్లోంచే వచ్చింది. 1991 నుంచి 2000 మధ్యలో మా చుట్టుపక్కల పొదల అడవి పదో వంతుకి పైగా పోయిందని, ఎక్కువ భాగం సాగులోకేనని, మిగిలిన తునకలు కూడా చిన్నవైపోయాయని ఉపగ్రహ చిత్రాలు చూసి రాసిన పేపర్ ఒకటి చదివినప్పుడు, ఆ పదో వంతులో మా మూడెకరాలు ఏ పిక్సెల్లో ఉన్నాయో అని వెతకబోయాను. రైతుని తిట్టే వ్యాసం కాదిది. మా నాన్నకి ఆ నేల బంజరని గవర్నమెంటే చెప్పింది, ఆయన నమ్మాడు.

ఇంతకీ 2005లో ఇంకో ముచ్చట. తెలుగుగంగ కాలవ పని కోసం అభయారణ్యం పక్కనే, కలివికోడి తిరిగే పొదల్లోనే యంత్రాలు దిగి తవ్వడం మొదలుపెట్టాయి. అక్కడ పనిచేస్తున్న పరిశోధకులు చూసి గగ్గోలు పెడితే పని ఆగింది, వ్యవహారం సుప్రీంకోర్టు కమిటీ దాకా పోయింది, చివరికి కాలవ దారి మార్చారు. మార్చొచ్చు అని అప్పుడే తెలిసింది. నీళ్ళు ఆగలేదు, మద్రాసుకీ ఆగలేదు, మా చేలకీ ఆగలేదు. కాలవ కావాలా పిట్ట కావాలా అని అడిగేవాళ్ళకి నా జవాబు ఇదే, గీత కాస్త పక్కకి గియ్యమన్నాం, అంతే.

ఇదంతా ఒకసారి మా బామ్మర్దికి చెప్తే వాడు సాంతం విని, "బావా, మీ నాన్నకి ఆ రాత్రి గుండెనొప్పి వచ్చినప్పుడు కొండల మధ్య రోడ్డు లేకపోతే ఏమయ్యేది" అన్నాడు. నోరు మూతపడింది నాకు. నిజం, ఆ రాత్రి అంబులెన్స్ డ్రైవర్ ఎంత తొక్కాడో నేను చూశాను, అడ్డం ఏ జంతువొచ్చినా ఆగకూడదనే మనసులో కోరుకున్నాను. రోడ్డు వద్దనే హక్కు నాకు లేదు. కాకపోతే వాడి ప్రశ్న రోడ్డు ఉండాలా వద్దా అని, నా ప్రశ్న రోడ్డు ఎట్లా ఉండాలని. ఈ రెండూ ఒకటే ప్రశ్న అన్నట్టు మాట్లాడి మాట్లాడి మనల్ని అలవాటు చేశారు.

వెలికొండల్లో ఓబులవారిపల్లె నుంచి కృష్ణపట్నం వైపు వెళ్ళే రైలు లైను చూడండి. 6.6 కిలోమీటర్ల సొరంగం, 2019లో ప్రారంభమైంది. జంతువుల మీద ప్రేమతో తవ్వలేదు, కొండ అడ్డమొచ్చింది కాబట్టి తవ్వారు, ఆ పొడుగునా మాత్రం పైన అడవి అడవిలాగే ఉంది, కింద గూడ్సు పోతున్నా పైన ఏ కణుజుకీ పట్టింపు లేదు. హైదరాబాద్ నుంచి నాగ్‌పూర్ మీదుగా పోయే 44వ నంబర్ హైవే పెంచ్ అడవిలోంచి పోయేచోట మహారాష్ట్ర వైపు రోడ్డునే ఎత్తులో కట్టారు, కింద జంతువులకి తొమ్మిది దారులు, పెద్దది 750 మీటర్ల పొడుగు. అది కూడా ఊరికే రాలేదు, కోర్టుల్లో ఏళ్ళకేళ్ళు కొట్లాడితే వచ్చింది. 2019లో కెమెరాలు పెట్టి చూస్తే పది నెలల్లో 18 రకాల జంతువులు వాటి కింద నుంచి దాటాయి, పదకొండు పులులు సహా. ఇక పైసా ఖర్చు లేని ఉపాయం మన నల్లమలలోనే ఉంది, శ్రీశైలం దారుల్లో రాత్రి 9 నుంచి పొద్దున 6 దాకా గేట్లు. కొత్తల్లో అందరం తిట్టుకున్నాం, ఇప్పుడు దర్శనం టైము దాన్ని బట్టే పెట్టుకుంటున్నాం, గేటు దగ్గర టీ కొట్టోళ్ళకి బేరం కూడా పెరిగింది. మరి మా తాబేలుకో? కాలవ పొడుగునా అక్కడక్కడా సిమెంటు వాలుని గరుకుగా, కాస్త తక్కువ వాలుతో, రాళ్ళు పొదిగి కట్టాలి, ఒక రోజు మేస్త్రీ పని. ఎవరూ అడగలేదు కాబట్టి ఎవరూ కట్టలేదు.

ముక్కలవ్వడం అంత చెడ్డదేం కాదనే శాస్త్రవేత్తలు కూడా ఉన్నారు, ఆ మాట దాచడం అన్యాయం. కెనడాకి చెందిన లెనోర్ ఫారిగ్ 2017లో 118 స్టడీలు తిరగేసి, మొత్తం అడవి అంతే ఉన్నప్పుడు దాన్ని ముక్కలు చెయ్యడం వల్ల కనిపించిన ప్రభావాల్లో నాలుగింట మూడు వంతులు మంచివేనని రాసింది. చదివినప్పుడు నా వాదన కూలిపోయిందనే అనుకున్నా. ఆమె చెప్పేదాంట్లో ఒక మంచి విషయం ఉంది, చిన్న ముక్కే కదా అని ఏ ముక్కనీ వదిలెయ్యొద్దు అని, దానికి నేను రెండు చేతులెత్తి ఓటేస్తా. కానీ "అడవి అంతే ఉన్నప్పుడు" అనే షరతు మా దగ్గర ఎప్పుడు నిలబడింది? రోడ్డు పడిన ఏడాదికి పక్కన డాబా, డాబా పక్కన ప్లాట్లు. పైగా జాతుల సంఖ్య పెరిగిందంటే ఏ జాతులు? అంచుల్లో కాకులు, మైనాలు, ఊరకుక్కలు, సర్కారు తుమ్మ, అన్నీ జాతులే. 2025లో నేచర్ పత్రికలో వచ్చిన ఇంకో స్టడీ 37 చోట్ల, నాలుగు వేల పైచిలుకు జాతుల్ని పోల్చి చూసి, తునకలన్నిటినీ కలిపి లెక్కేసినా ముక్కలైన చోట 12 శాతం తక్కువే ఉన్నాయంది. శాస్త్రవేత్తల వాదన ఇంకా నడుస్తుంది, నడవనివ్వండి. కలివికోడి మాత్రం ఆ వాదనలో ఏ పక్షాన సాక్ష్యం చెప్పడానికీ బయటికి రాదు.

నాకు నిజంగా భయం వేసేది ఇంకోవైపు నుంచి. ముక్కలైన అడవుల్ని మళ్ళీ అతికించాలి అనగానే ఆఫీసుల్లో మ్యాపు మీద ఆకుపచ్చ గీత గీసి, ఆ గీతలో పడ్డ ఊళ్ళకి చివర్లో చెప్పడం. తెలంగాణలో 2025 మేలో 49వ నంబర్ జీవో ఇచ్చారు, మహారాష్ట్ర తాడోబా పులుల అడవి నుంచి తెలంగాణలోని కవ్వాల్ పులుల అడవికి పులులొచ్చే దారిని కుమ్రం భీం పేరుతో కన్జర్వేషన్ రిజర్వ్, అంటే రక్షిత ప్రాంతం చేస్తూ. అవసరమా అంటే అవసరమే, తాడోబా పులులు కాగజ్‌నగర్ దాకా వస్తున్నాయి, పిల్లల్ని పెడుతున్నాయి, అక్కడ్నుంచి కవ్వాల్ లోపలికి పోవాలంటే రైలు లైను, హైవే, ఊళ్ళు, బొగ్గు గనులు. కానీ ఆదివాసీలు రోడ్డెక్కారు, బంద్‌లు చేశారు, జూలైలో జీవోని పక్కన పెట్టేశారు. కుమ్రం భీం జల్ జంగల్ జమీన్ అన్న నేలలో ఆయన పేరే పెట్టి ఆయన మనుషుల్నే అడక్కపోతే ఇంకేమవుతుంది? పులి నడవడానికి మనిషి లేచిపోవాలని ఏ శాస్త్రమూ చెప్పలేదు, దారి దాటే పులి ఎక్కువగా రాత్రిపూటే దాటిపోతుంది. దానికి కావాల్సింది పత్తి చేలల్లో కరెంటు తీగలు లేకపోవడం, చచ్చిన ఆవు మీద విషం లేకపోవడం, హైవే కింద ఒక దారి, ఆవు పోయిన రైతుకి ఆ వారంలోనే డబ్బులు. గని తవ్వేవాడికి చేసే మర్యాదలో సగం పోడు చేసుకునేవాడికి చేసుంటే ఆ జీవో నిలబడేదేమో అనిపిస్తుంది నాకు. లంకమలలో కూడా అంతే, మా మామ గొర్రెల్ని బయటికి తోలి కంచె వేస్తే పొదలు మూసుకుపోతాయి, కంచె లోపల అభయారణ్యం ఉంటుంది, కలివికోడి ఉండదు.

చవితి రోజు రాత్రి ఉండ్రాళ్ళు తిని అరుగు మీద కూర్చున్నప్పుడు మామకి ఫోన్లో కలివికోడి కూత వినిపించాను. చాలా ఏళ్ళ కింద రికార్డు చేసింది నెట్‌లో దొరుకుతుంది, రెండక్షరాల కూత, పొద్దుగూకి చీకటి పడ్డాక కాసేపు అరిచి ఆపేస్తుందట. కొండ దగ్గర ప్లే చెయ్యకూడదు, నిజంగా ఉంటే బెదురుతుంది, ఇంట్లో కాబట్టి పర్లేదు.

"తీతువు కదరా ఇది" అన్నాడు.

కాదు మామా, సరిగ్గా విను అని మళ్ళీ పెట్టాను. బీడీ పక్కన పెట్టి ఫోను చెవి దగ్గర పెట్టుకున్నాడు. మూడోసారి తనే వేలితో నొక్కుకుని విన్నాడు.

"చిన్నప్పుడు గొర్రెల మంద కాడ రాత్రి కాపలా పండుకున్నప్పుడు ఇట్టాంటిది ఇన్నట్టే ఉండాది. మీ నిమ్మతోట కాడ. అప్పుడు తోట లేదులే." కాసేపాగి, "ఏమో, తీతువేనేమో" అని ఫోను నా చేతిలో పెట్టి, మందలో ఏదో గొర్రె దగ్గుతుంటే టార్చి తీసుకుని లేచిపోయాడు.